బావురుపిల్లిని కెమెరాతో ఎందుకు గమనిస్తారు?

కోనసీమకు పొరుగునే, కోరింగ మడ అడవుల్లో బావురుపిల్లి ఉంటుంది. ఎక్కువగా రాత్రిపూట వేటాడుతుంది, మనిషి అలికిడైతే తప్పుకుంటుంది. అందుకే పరిశోధకులు చెట్లకు కెమెరాలు కడతారు. వెచ్చని ఒళ్లు కదలగానే అవి వాటంతటవే చిత్రీకరిస్తాయి. ఒడ్డున నక్కి కూర్చోవడం, చటుక్కున పంజా విసరడం దృశ్యంలో దొరికితే నెమ్మదిగా, పదే పదే చూడొచ్చు. ఒంటి మచ్చలను బట్టి ఏ పిల్లి ఏదో పోల్చుకోవచ్చు. జంతువుల ప్రవర్తనను ఇలా దృశ్యాల్లో పట్టడం కొత్తేమీ కాదు: సీగల్ పక్షుల ప్రవర్తనను పరిశోధించి, వాటిపై సినిమా కూడా తీసిన శాస్త్రవేత్త నికో టిన్బర్గెన్ 1973లో నోబెల్ అందుకున్నారు. కెమెరా ముందు జంతువు సహజంగా ఉంటుందా? న్యాయమైన ప్రశ్నే. కొన్ని జంతువులు కెమెరా చప్పుడునూ, వెలుగునూ పసిగడతాయి. అయినా పక్కన నిలబడ్డ మనిషికన్నా అది చిన్న అడ్డే. ఫ్రేములోకి రాని వేట మాత్రం కెమెరాకు అందదు. ఆ లోటు పూడ్చడానికే కాలిజాడలు, మలం కూడా వెతుకుతారు.