289వ ప్రశ్న, 464వ ప్రశ్న

తమకు తట్టిన చిక్కు లెక్కను నలుగురి ముందు పెట్టి జవాబు రాబట్టడం గణితజ్ఞులకు ఇంటర్నెట్ కంటే చాలా ముందు నుంచీ ఉన్న అలవాటు. మన దేశంలో దానికి చోటిచ్చింది ఇండియన్ మ్యాథమెటికల్ సొసైటీ. గుత్తిలో డిప్యూటీ కలెక్టరుగా ఉన్న వి. రామస్వామి అయ్యర్ చొరవతో 1907లో ఇది అనలిటిక్ క్లబ్ పేరిట మొదలైంది. అప్పట్లో లెక్కల మీద మక్కువ ఉన్న కాలేజీ అధ్యాపకులు, ఉద్యోగులు ఊరికొకరుగా ఉండేవారు. విదేశీ పత్రికలు కొనుక్కునే స్తోమత చాలామందికి లేదు. సొసైటీయే తెప్పించి పోస్టులో సభ్యులకు తిప్పేది. సొసైటీ సొంత పత్రికలో ప్రశ్నల శీర్షిక ఉండేది. ప్రతి ప్రశ్నకూ ఒక నంబరు. సాధించిన పాఠకుల జవాబులు తర్వాతి సంచికల్లో వాళ్ల పేర్లతో వచ్చేవి.

డిగ్రీ పూర్తి చేయని శ్రీనివాస రామానుజన్ 1911లో ఇక్కడే 289వ ప్రశ్న అడిగారు: √(1 + 2√(1 + 3√(1 + …))) ఇలా అంతులేకుండా సాగితే విలువ ఎంత? నెలలు గడిచినా ఎవరూ జవాబు పంపలేదు. చివరికి ఆయనే చెప్పారు, 3 అని. కిటుకు చిన్నదే. 3 అంటే √9, అంటే √(1 + 2×4). ఆ 4ను √(1 + 3×5)గా, ఆ 5ను √(1 + 4×6)గా రాస్తూ పోవడమే.

అయితే ఇందులో మెలిక ఉంది. 4ను √(1 + 2×7.5)గా రాసి, ఆ 7.5నూ అదే తీరున విడదీస్తూ పోతే జవాబు 4 అని కూడా 'రుజువు' చేసేయొచ్చు! లోపల మిగిలిన ముక్కను వదిలేసి లెక్క కడితే విలువ నిజంగా 3 దగ్గరికే చేరుతుందా అన్నది విడిగా తేల్చాలి. రామానుజన్ జవాబులో ఆ మెట్టు లేదు. తర్వాత టి. విజయరాఘవన్, హెర్ష్‌ఫెల్డ్ వంటి గణితజ్ఞులు ఆ లోటు పూడ్చారు.

ఆ శీర్షికకు రామానుజన్ పంపిన ప్రశ్నలు యాభైకి పైనే. వాటిలో 1913 నాటి 464వది చూడ్డానికి బడిపిల్లల లెక్కలా ఉంటుంది. 8, 16, 32, 128, 32,768 అన్నీ 2 ఘాతాలు. ఒక్కోదాని నుంచి 7 తీసేస్తే 1, 9, 25, 121, 32,761 వస్తాయి. అన్నీ వర్గసంఖ్యలే, చివరిది 181 వర్గం. ఇలాంటివి ఇంకా ఉన్నాయా? లేవనిపించడం తేలిక, లేవని చూపడం కష్టం. ఎంత పెద్ద సంఖ్య దాకా వెతికినా దాని అవతల ఒకటి ఉండొచ్చు కదా. 1943లో నార్వే గణితజ్ఞుడు లుంగ్రెన్ ఇదే ప్రశ్నను సొంతంగా మళ్లీ అడిగారు. 1948లో ట్రిగ్వే నాగెల్ ఆ అయిదు తప్ప లేవని నిరూపించారు. ఇప్పుడు దాన్ని రామానుజన్–నాగెల్ సమీకరణం అంటారు.