మైపాడు దొంగ... టోక్యో ఎలుక!

మీకు తెలుసా? 'దొంగ' అనే మాటతో చిరంజీవికి ముచ్చటగా మూడు సినిమాలు తీసిన దర్శకుడిది మన నెల్లూరు తీరంలోని మైపాడు! ఆయనే ఎ.కోదండరామిరెడ్డి. 'దొంగ' (1985), 'దొంగమొగుడు' (1987), 'కొండవీటి దొంగ' (1990). ఊరు సముద్రం ఒడ్డున, దొంగేమో కొండల్లో!

ఈ జోడీ చేసిన సినిమాలు మొత్తం 23. మొట్టమొదటిది ఏదో తెలుసా? 1981 నాటి 'న్యాయం కావాలి'. ముందు న్యాయం అడిగారు, తర్వాత దొంగతనానికి దిగారు!

'దొంగ'లో గోలీమార్ పాటకు మూలం మైకేల్ జాక్సన్ 'థ్రిల్లర్'. తర్వాతెప్పుడో ఇంటర్నెట్ పుణ్యమా అని తెలుగు ముక్క రాని దేశాల్లోనూ అది మారుమోగింది. దొంగ వీసా లేకుండానే వెళ్లొచ్చాడు!

దొంగ సినిమాలతో నెల్లూరు చుట్టరికం అంతకు ముందే ఉంది. 1963లో విఠలాచార్య 'బందిపోటు' తీశారు. ఉన్నోళ్లను కొట్టి లేనోళ్లకు పెట్టే వీరుడు ఎన్టీఆర్. అందులో విలన్ రాజనాల, నవ్వించిన రమణారెడ్డి... ఇద్దరూ నెల్లూరోళ్లే! విలనీ మనదే, నవ్వూ మనదే.

మరి జపానోళ్ల మంచి దొంగ ఎవరో తెలుసా? జిరోకిచి. ముద్దుపేరు 'నెజుమి కొజో', అంటే ఎలుక కుర్రాడు! వందకు పైగా సమురాయ్ భవనాల్లో దూరాడట. 1832లో తల తీశారు. ఇల్లు వెతికితే సొమ్ము లేదు. ఇంకేం, పేదలకే పంచాడని జనం తీర్మానించేశారు!

ఈ ఎలుక మీద ఇతో దైసుకే 1931లో మూకీ తీశాడు. ఆయన మూకీల్లో దాదాపు పూర్తిగా మిగిలింది ఇదొక్కటే. దొంగ కథే కాలం చేతికి చిక్కలేదు, చూశారా!

మూకీ అంటే హాలంతా నిశ్శబ్దమనుకుంటున్నారా? కానే కాదు! జపాన్‌లో తెర పక్కన 'బెన్షి' అనే కథకుడు నిలబడి అన్ని పాత్రల మాటలూ తానే పలికేవాడు. హీరో, హీరోయిన్, దొంగ, పోలీసు... గొంతు ఒక్కటే!

అన్నిటికన్నా నాకు నచ్చింది ఇది. టోక్యోలోని ఎకోయిన్ గుడిలో జిరోకిచి సమాధి ఉంది. అదృష్టం కోసం జనం ఆ రాయిని గీకి, రాలిన పొడిని పర్సులో దాచుకుంటారు. అసలు రాయి అరిగిపోతుందని, గీక్కోవడానికే దాని ముందు ఇంకో రాయి పెట్టారు! పరీక్షలు రాసే పిల్లలైతే మరీనూ. అన్ని భవనాల్లో దూరినవాడు, తమను ఒక్క కాలేజీలో దూర్చలేడా అని!