పంట కాపలా తుపాకీకి స్కోప్ బిగించాలా?

మొక్కజొన్న, వేరుశనగలో అడవిపందుల బెడద ఉన్న రైతులు కొందరు పంప్ యాక్షన్ తుపాకీకి స్కోప్ బిగించుకోవచ్చా అని అడుగుతున్నారు. నా లెక్కలో అది దండగ ఖర్చు. 12 బోర్ గుళ్ల తూటా గొట్టం దాటగానే చెదురుతుంది. సుమారు 40 మీటర్లు దాటితే నమ్మలేం. ఒకే గుండు ఉన్న తూటాకైతే స్కోప్ కొంత పనికొస్తుంది. పేలగానే తుపాకీ వెనక్కి తన్నుతుంది కాబట్టి కన్ను స్కోప్‌కు ఆనించి ఉంటే కనుబొమ్మ చిట్లుతుంది. రంధ్రాలు వేయించాల్సి వస్తే లేత్ షాపుకు తీసుకెళ్లకండి, లైసెన్సున్న ఆయుధ డీలరే ఆ పని చేయాలి.

అసలు ప్రమాదం వేరే. రాత్రి అలికిడైందని స్కోప్‌లోంచి చూడటమంటే తుపాకీ అటు గురిపెట్టడమే. అక్కడ నీళ్లు కట్టే మనిషి ఉండొచ్చు. చూడటానికి టార్చిలైటు వాడండి.

లైసెన్సు ఉన్నంత మాత్రాన పందిని కాల్చే హక్కు రాదు. వన్యప్రాణి సంరక్షణ చట్టానికి 2022లో చేసిన సవరణతో అది రెండో షెడ్యూలులో ఉంది. అటవీ శాఖ రాతపూర్వక అనుమతి తప్పనిసరి. తుపాకీ లైసెన్సుకు రేపల్లె, బాపట్ల వారు బాపట్ల కలెక్టరేటులో, తెనాలి వారు గుంటూరులో అడగాలి.

విత్తేటప్పుడే మొక్కజొన్న చుట్టూ ఆముదం, వేరుశనగ చుట్టూ ముళ్ల కుసుమ ఒత్తుగా వరుసల్లో వేసుకోండి. కంచె తీగకు మోటారు కరెంటు కలపడం మాత్రం నేరం.