కలకత్తా మైదానంలో కాపు కాసిన హైదరాబాదీ

ఏలూరు: ఆకివీడు, కైకలూరు వైపు చెరువుల్లో పట్టిన శీలావతి, బొచ్చె చేపలు ఐసు పెట్టెల్లో హౌరా చేరతాయి. కొల్లేటి రైతుకు కలకత్తా అంటే ముందు గుర్తుకొచ్చేది చేపల రేటు. ఆ ఊళ్లో చేపకూ ఫుట్‌బాల్‌కూ ఒక లంకె ఉంది. ఈస్ట్ బెంగాల్ జట్టు గెలిచిన రోజున దాని అభిమానులు ఇలిస చేప వండుకుంటారు. ఇలిస అంటే మరేమీ కాదు, మన గోదావరి పులస. మోహన్ బగాన్ గెలిస్తే ఆ పక్షం ఇళ్లలో రొయ్యల కూర. ఆ పూట బజారులో వాటి ధర ఎక్కిపోతుందని చెప్పుకుంటారు.

ఆ రెండు జట్లకూ, మూడో పెద్ద జట్టయిన మహమ్మదన్ స్పోర్టింగ్‌కూ కూడా ఆడిన తెలుగుగడ్డ ఆటగాడు సయ్యద్ నయీముద్దీన్. 1944లో హైదరాబాదులో పుట్టారు. ఆయన డిఫెండర్, అంటే గోల్‌కీపర్‌కు ముందు నిలబడి ఎదుటి జట్టు దాడిని ఆపేవాడు. చెడుగుడులో కూతకు వెళ్లి ఇద్దరిని కొట్టి వచ్చినవాడికి ఈలలు పడతాయి గాని, కాలు పట్టి ఆపినవాడి పేరు ఎందరికి గుర్తుంటుంది? ఫుట్‌బాల్‌లోనూ అంతే. గోలు కొట్టినవాణ్ణి భుజాలమీద ఊరేగిస్తారు. పది గోళ్లు తప్పించినవాడు ఒక్కసారి జారితే మాత్రం ఆ నింద నెత్తిన పడుతుంది.

పోలీసు జట్టు నుంచి

హైదరాబాదు ఆ రోజుల్లో ఈ ఆటకు పుట్టిల్లు. సయ్యద్ అబ్దుల్ రహీం శిక్షణలో హైదరాబాద్ సిటీ పోలీసు జట్టు 1950 నుంచి 1954 వరకు వరుసగా 5 ఏళ్లు బొంబాయి రోవర్స్ కప్పు గెలిచింది. 1951లో ఢిల్లీలోను, 1962లో జకార్తాలోను ఆసియా క్రీడల స్వర్ణం తెచ్చిన భారత జట్లకూ రహీమే శిక్షకుడు. 1963లో ఆయన కన్నుమూశారు. నయీముద్దీన్ అప్పటికి 19 ఏళ్ల కుర్రవాడు. ఆ పోలీసు జట్టులో ఆడి, 1966లో కలకత్తా వెళ్లి ఈస్ట్ బెంగాల్‌లో చేరారు.

దక్షిణాది నుంచి అక్కడికి వెళ్లినవారిలో ఆయన మొదటివారు కారు. 1950 ప్రాంతంలో ఈస్ట్ బెంగాల్ ముందు వరుసలో ఆడిన ఐదుగురిని బెంగాలీలు పంచ పాండవులని పిలిచేవారు. వారిలో ఒకరి పేరు అప్పారావు. ఏ ప్రాంతం వారో వేరే చెప్పనక్కరలేదు. సికింద్రాబాదు బలరాం కూడా అదే జట్టులో పేరు తెచ్చుకున్నారు. అయితే వీరంతా గోళ్లు కొట్టే వరుసలోని వారు. పొరుగూరి నుంచి వచ్చినవాడికి ఇంటి వెనుక తలుపు అప్పగించాలంటే మరికొంత నమ్మకం కావాలి.

ఆ రోజుల్లో పేరుకు అది జీతం లేని ఆట. నిజానికి క్లబ్బులు ఉద్యోగం చూపించేవి, చేతిలో సొమ్మూ పెట్టేవి. ఏడాది జీతానికి కుదిరిన పాలేరు ఉగాదికి గడప మారినట్టు, ఆటగాళ్లు ఏటా జట్టు మారవచ్చు. కాకపోతే ఈస్ట్ బెంగాల్ నుంచి మోహన్ బగాన్‌కు మారడం చిన్న సంగతి కాదు. మొదటిది 1920లో తూర్పు బెంగాలు వారు పెట్టుకున్న క్లబ్బు. దేశ విభజనలో ఇల్లూ పొలమూ వదిలి వచ్చినవారికి ఆ జట్టే సొంత ఊరు. రెండోది కలకత్తా వైపు పాత కాపురస్తులది. నయీముద్దీన్ ఆ పక్షమూ కాదు, ఈ పక్షమూ కాదు. బతుకుతెరువుకు వచ్చిన హైదరాబాదీ. రెండు చోట్లా ఆడి నిలదొక్కుకోవడానికి ఆయనకు ఆట తప్ప వేరే అండ లేదు.

బ్యాంకాక్ పతకం

1970 డిసెంబరులో బ్యాంకాక్ ఆసియా క్రీడలకు వెళ్లిన భారత జట్టుకు ఆయనే కెప్టెన్. మూడో స్థానం కోసం జపాన్‌తో పోటీ పడింది. జపాన్ అంటే రెండేళ్ల ముందు మెక్సికో ఒలింపిక్స్‌లో కాంస్యం గెలిచిన దేశం. భారత్ 1-0తో గెలిచింది. ఒక్క గోలు ఆధిక్యంతో ఆట ముగిసేవరకు నెట్టుకు రావాలంటే వెనుక వరుసకు ఎంత పని పడుతుందో ఊహించుకోవచ్చు. 1970కే ఆయనకు అర్జున అవార్డు వచ్చింది. ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో భారతదేశం ఆ తర్వాత 2023 హాంగ్‌ఝౌ పోటీల దాకా మరో పతకం చూడలేదు.

శిక్షకుడిగా

ఆట మానేశాక శిక్షకుడయ్యారు. క్రమశిక్షణ దగ్గర మెత్తబడని మనిషని పేరు. 1990లో ఆయన చేతికింద ఈస్ట్ బెంగాల్ ఒకే ఏడాది డ్యురాండ్, రోవర్స్, ఐ.ఎఫ్.ఎ. షీల్డ్ మూడూ గెలిచింది. 1990కి ద్రోణాచార్య అవార్డు కూడా దక్కింది. ఫుట్‌బాల్ శిక్షకుడికి ఆ అవార్డు రావడం అదే మొదటిసారి. భారత జట్టు 1997లో ఖాట్మండులో, 2005లో కరాచీలో దక్షిణాసియా కప్పు గెలిచినప్పుడూ ఆయనే శిక్షకుడు.

కాలం ఎప్పుడూ ఒక్క తీరున ఉండదు. 2006 ఫిబ్రవరిలో అదే జపాన్ చేతిలో ఆయన జట్టు 0-6తో చిత్తయింది. వారం తిరిగేసరికి ఢిల్లీలో యెమెన్ మీద 0-3తో ఓడింది. ఆ ఏడాదే ఆయన స్థానంలో ఆంగ్లేయుడు బాబ్ హౌటన్ వచ్చారు. 36 ఏళ్లలో జపాన్ ఎక్కడికి పోయిందో, మన ఫుట్‌బాల్ ఎక్కడ ఆగిపోయిందో గమనించకుండా, ఆ ఆరు గోళ్లూ ఒక్క మనిషి ఖాతాలో రాయడం న్యాయం కాదు.

ఢాకా ఆయనకు కొత్త కాదు. అక్కడి బ్రదర్స్ యూనియన్ క్లబ్బుకు శిక్షకుడిగా పనిచేసి ఉన్నారు. 2007లో బంగ్లాదేశ్ జాతీయ జట్టును తీర్చే పని ఆయనకు అప్పగించారు. రెండేళ్ల కిందట కరాచీ ఫైనల్లో ఆయన శిష్యులు 2-0తో ఓడించింది ఆ బంగ్లాదేశ్‌నే. కుర్రతనంలో కలకత్తాలో ఏ ఊళ్లు పోగొట్టుకున్నవారి తరఫున ఆడారో, అరవై దాటిన వయసులో ఆ ఊళ్ల పిల్లలకే ఆట నేర్పడానికి వెళ్లారు.