రెండు ఓట్ల కరీంనగరము

ఒక్క నియోజకవర్గమునుండి ఇద్దరు సభ్యులు లోక్‌సభకు పోవుటయు, ఒక్కొక్క ఓటరుచేత రెండేసి ఓట్లుండుటయు నేటి పాఠకునకు కట్టుకథవలె తోచవచ్చును గాని, 1952లోను 1957లోను కరీంనగరమున జరిగిన పార్లమెంటు ఎన్నికలు అట్టివే. రెండే ఎన్నికలు చూచి అంతరించిన ఆ ద్విసభ్య నియోజకవర్గమును ఇప్పుడు తలచువారు అరుదు.

షెడ్యూల్డు కులములకును తెగలకును స్థానములు ప్రత్యేకింపవలెనని రాజ్యాంగము విధింపగా, తక్కినవారి పోటీకి అడ్డురాకుండ, రెండు స్థానములంత విశాలమైన ప్రాంతమును ఒక్కటిగ కూర్చి, అందొకదానిని ప్రత్యేక స్థానముగను, రెండవదానిని సామాన్య స్థానముగను నిర్ణయించిరి. తొలి లోక్‌సభ ఎన్నికలలో దేశమున ఇట్టి ద్విసభ్య నియోజకవర్గములు 86.

ఆనాడు చీటిమీద ముద్ర వేయు పనిలేదు. అభ్యర్థికొక పెట్టె, పెట్టెమీద అతని గుర్తు. కాడెద్దుల పెట్టె కాంగ్రెసుది. ఏనుగు పెట్టె అంబేద్కరు స్థాపించిన షెడ్యూల్డు కులముల ఫెడరేషనుది. తెరచాటునకు పోయిన ఓటరు తన రెండు చీటీలను వేర్వేరు పెట్టెలలో వేయవలసినదే. రెండును ఒక్కరికే వేయుటకు వీలులేదు. లెక్కింపు మరింత విచిత్రము: షెడ్యూల్డు కులముల అభ్యర్థులలో ఎక్కువ ఓట్లు వచ్చినవానికి మొదట ప్రత్యేక స్థానమునిచ్చి, పిమ్మట మిగిలినవారందరిలో, కులమెంచక, ముందున్నవానికి సామాన్య స్థానమునిచ్చుచుండిరి. మొదటి చీటిని తన పక్షమునకు వేసిన ఓటరు రెండవదానిని ఎవరికి వేయునో, అదియే అభ్యర్థుల గుండెలలో దడ పుట్టించియుండునని నా ఊహ.

1952లో హైదరాబాదు రాష్ట్రమున కమ్యూనిస్టు పార్టీపై నిషేధముండుటచే ఆ పక్షమువారు పీపుల్స్ డెమొక్రాటిక్ ఫ్రంటు పేర నిలిచిరి. ఆ ఫ్రంటు పక్షమున గాలిపల్లికి చెందిన బద్దం ఎల్లారెడ్డి సామాన్య స్థానమును, ఫెడరేషను పక్షమున ఎం.ఆర్. కృష్ణ ప్రత్యేక స్థానమును గెలిచిరి. ఫెడరేషనుకు దేశమంతట దక్కిన లోక్‌సభ స్థానములు రెండే: ఒకటి షోలాపూరు, రెండవది కరీంనగరము. ఉత్తర బొంబాయిలో అంబేద్కరే ఓడిపోయిన ఎన్నిక అది! గోదావరికావల ఆదిలాబాదు సోషలిస్టు అభ్యర్థి సి. మాధవరెడ్డిని గెలిపించెను. కాడెద్దులకు ఆ యేట నది ఇరుదరులను మేత దొరకలేదన్నమాట.

ఐదేండ్లకు కథ మారినది. 1956లో హైదరాబాదు రాష్ట్రము విడిపోయి కరీంనగరము ఆంధ్రప్రదేశమున చేరగా, 1957లో రెండు స్థానములును కాంగ్రెసువే: ఎం. శ్రీరంగారావు ఒకరు, ఏనుగు దిగి కాడెద్దుల బండి నెక్కిన కృష్ణయే మరియొకరు.

ఈ పద్ధతిలోని చిక్కు బయటపడినది కరీంనగరమున గాదు, రాష్ట్రపు మరియొక కొననున్న పార్వతీపురమున. 1957లో అచ్చట ఇద్దరు గిరిజనాభ్యర్థులే నెగ్గిరి. అంతకుముందు కేంద్రమంత్రిగ నుండిన వి.వి. గిరి ఓడిపోయెను. ప్రత్యేక స్థానమునకు నిలిచినవాడు సామాన్య స్థానమున నెగ్గుట చెల్లదని ఆయన సుప్రీంకోర్టు వరకు పోయినను, 1959లో తీర్పు గెలిచిన డిప్పల సూరిదొరకే అనుకూలమయ్యెను. లెక్కింపు సూత్రమును చదివినవారికి ఆ తీర్పు వింతగ తోచదు. తోచినచో, సామాన్యమను మాటకు ఇతరులకే చెందినదను అర్థమును మనము లోలోపల కల్పించుకొన్నామన్నమాట.

1961లో పార్లమెంటు చట్టముచేసి ద్విసభ్య నియోజకవర్గములను రద్దుపరచెను. 1962లో ఏకసభ్యమైన కరీంనగరమునుండి జె. రమాపతిరావు గెలువగా, కొత్తగ ఏర్పడిన పెద్దపల్లి ప్రత్యేక స్థానమునుండి కృష్ణ మూడవమారు లోక్‌సభకు పోయెను. ఆ పెద్దపల్లి గోదావరి దాటి, పాత ఆదిలాబాదు జిల్లాలోని మంచిర్యాలను, చెన్నూరును, బెల్లంపల్లిని కలుపుకొని, నేటికిని ప్రత్యేక స్థానముగనే ఉన్నది.