నిలువు తప్పని చూపు

ఆ మధ్య మా విద్యార్థులను వెంటబెట్టుకొని శ్రీముఖలింగం వెళ్ళాను. సోమేశ్వరాలయం ఎదుట నిలిచి ఒక కుర్రవాడు సెల్‌ఫోను పైకెత్తి ఫోటో తీశాడు. అందులో శిఖరం వెనుకకు వాలిపోయినట్లున్నది. "మాస్టారూ, ఒరిగింది గుడా, నా చెయ్యా?" అన్నాడు. జవాబు చెప్పబోతూండగా రాజా దీన్‌దయాళ్ స్ఫురణకు వచ్చారు.

నిజాం దర్బారు వైభవాన్ని చిత్రించినవారుగా ఆయనను చాలమంది ఎరుగుదురు. నాకు మాత్రం ఆయన కట్టడాల చిత్రాలే మిన్నగా తోస్తాయి. 1844లో మీరట్ సమీపాన సర్ధానాలో జన్మించిన దీన్‌దయాళ్, రూర్కీలో ఇంజనీరింగు అభ్యసించి, ఇండోరులో మరామతు శాఖలో నక్షాలు గీసే ఉద్యోగంలో చేరారు. కెమెరా చేపట్టింది ఆ తరువాత, 1874 ప్రాంతంలో. గోడను కొలవడం ముందు, దానిని చిత్రించడం పిదప. ఆయన కళకు ఆయువుపట్టు ఈ వరుసలోనే ఉన్నదని నా నమ్మకం.

1882లో సర్ లెపెల్ గ్రిఫిన్ వెంట మధ్యభారతం పర్యటించి ఆయన తీసిన కోటల, ఆలయాల చిత్రాలు 1886లో గ్రంథరూపాన వెలువడ్డాయి. ఆనాటి కెమెరా అంటే ముక్కాలిపీట మీది కొయ్యపెట్టె. ఒక్కొక్క చిత్రానికి ఒక్కొక్క గాజుపలక. నల్లగుడ్డ కింద తల దూర్చి చూస్తే గరుకుటద్దం మీద లోకమంతా తలకిందులు! అయితే అటువంటి పెద్ద కెమెరాలలో ఒక సౌకర్యం ఉండేది. పలక ఉండే వెనుకభాగాన్ని నిట్టనిలువుగా ఉంచి, ముందరి కటకాన్ని మాత్రమే పైకి జరపవచ్చు. అప్పుడు శిఖరం ఎంత ఎత్తైనా ఒరగదు. లంబసూత్రం ఎరిగినవానికి ఇది వేరే నేర్పవలసిన విద్య కాదు.

చిత్రం అందంగా ఉంటే చాలదా అంటారేమో. చాలదు. చెక్కడాలు ఎండకూ వానకూ అరిగిపోతాయి. జీర్ణోద్ధరణలో రూపు మారనూ వచ్చు. నాడు పాత చిత్రమే సాక్షి. సాక్షి వంకరైతే తీర్పూ వంకరే.

ఆరవ నిజాం మహబూబ్ అలీఖాన్ ఆయనను ఆస్థాన ఛాయాగ్రాహకునిగా నియమించారు. 'రాజా' బిరుదం అక్కడిదే. సికింద్రాబాదులో స్టూడియో వెలసింది. ఫలక్‌నుమా సౌధం ఆయన కెమెరాకెక్కింది. 1905లో దీన్‌దయాళ్ కీర్తిశేషులయ్యారు. ఆయన గాజుపలకలు 2,857 ఢిల్లీలోని ఇందిరాగాంధీ జాతీయ కళాకేంద్రం 1989లో సేకరించింది.

ఇదంతా విని మా కుర్రవాడు బాగా వెనుకకు నడిచి, ఫోను నిలువుగా పట్టుకొని మరొక ఫోటో తీశాడు. సగానికి సగం నేలే పడింది. సోమేశ్వర శిఖరం మాత్రం నిటారుగా వచ్చింది.