ఉండేలు వద్దు... నోటుబుక్కు ముద్దు!

విశాఖపట్నం: హుద్‌హుద్ పేరు చెబితే ఈ ప్రాంతంలో ఉలిక్కిపడని వారుండరు. 2014 అక్టోబరు 12న తీరం దాటిన ఆ తుపాను చెట్లనూ, కరెంటు స్తంభాలనూ, ఇళ్ళ కప్పులనూ ఊడ్చిపెట్టింది. అప్పటికి పుట్టని పిల్లలకు కూడా ఆ కథ తెలుసు. అయితే హుద్‌హుద్ అన్నది ఒక పిట్ట పేరనీ, ఆ పిట్ట మన ఊరి కళ్ళాల్లోనే తిరుగుతుందనీ ఎంతమందికి తెలుసు?

తుపానుకు ఆ పేరు సూచించింది ఒమన్ దేశం. అరబ్బీలో హుద్‌హుద్ అంటే తెలుగులో కుకుడుగువ్వ. మట్టిరంగు ఒళ్ళు, నలుపు తెలుపు చారల రెక్కలు, సన్నగా వంగిన పొడుగాటి ముక్కు. తలమీద కుచ్చు. కోపం వచ్చినా, బెదిరినా ఆ కుచ్చును విసనకర్రలా విప్పుతుంది. కళ్ళంలోనూ, పశువుల శాల దగ్గరా నేలను ముక్కుతో పొడుస్తూ పురుగులను ఏరుకు తింటుంది. అంటే రైతుకు జీతం లేని పాలికాపు అన్నమాట. చెట్టు తొర్రలోనో, గోడ కన్నంలోనో గూడు పెడుతుంది. గూటిలో ఉన్న తల్లీ పిల్లలూ ఒక రకం కంపు ద్రవాన్ని ఒంటినుంచి విడుస్తాయి. ఆ వాసన శత్రువులను దూరంగా ఉంచుతుందని చెబుతారు.

ఇలాంటి వింతలు చూడటానికి జంతుప్రదర్శనశాలకే పోనక్కరలేదు. ఊరి చెరువు గట్టు చాలు. కావలసిందల్లా కాస్త ఓపిక, రెండు కళ్ళు, ఒక నోటుబుక్కు.

తండ్రే తల్లి!

అచ్యుతాపురం మండలంలోని కొండకర్ల ఆవ ఈ ప్రాంతంలో పేరున్న మంచినీటి సరస్సు. 2022లో జిల్లాల విభజన జరిగాక ఇది అనకాపల్లి జిల్లాలోకి వెళ్ళింది. రెండు తాటిమానులను తొలిచి జతకట్టిన దోనెల మీద జనం ఇక్కడ నీళ్ళలో తిరుగుతారు. శీతకాలంలో తెల్లవారుజామున ఆ దోనె ఎక్కితే కనిపించే పక్షులు ఇన్నీ అన్నీ కావు.

వాటిలో తామరాకుల మీద నడిచే పక్షిని ముందు చెప్పుకోవాలి. దాని కాలివేళ్ళు ఒంటికి మించిన పొడుగు ఉన్నట్టు కనిపిస్తాయి. బరువు అన్ని వేళ్ళమీదా పరుచుకోవటం వల్ల ఆకు మునగదు, పిట్ట తడవదు. అంతకంటే వింత దాని కాపురం. ఆడది గుడ్లు పెట్టి మరో మగదాన్ని వెతుక్కుంటూ పోతుంది. పొదిగేదీ, పిల్లలను సాకేదీ తండ్రే. ఈ జాతిలో కంచురంగు రెక్కల పక్షి అయితే, ప్రమాదం వచ్చినప్పుడు పిల్లలను రెక్కల కింద ఇరికించుకుని పరిగెడుతుంది. అప్పుడు చూస్తే తండ్రి పొట్ట కింద పిల్లల కాళ్ళు వేలాడుతూ ఉంటాయి!

మరొకటి నత్తగుల్లల కొంగ. ముక్కు మూసినా మధ్యలో సందు ఉంటుంది. పిల్లగా ఉన్నప్పుడు ఈ సందు ఉండదు. పెరిగేకొద్దీ ఏర్పడుతుంది. గుల్లలో దాక్కున్న నత్తను లాగి తినటానికి ఈ ముక్కు చక్కగా పనికివస్తుంది. వరిచేలలో ఈ కొంగలు దిగితే నత్తల బెడద తగ్గుతుంది.

ఇక గిజిగాడిని తెలియనివారు ఉండరు. తాటిమట్టలకూ, బావి మీద వంగిన కొమ్మలకూ వేలాడే గూళ్ళు దానివే. అల్లేది మగది. సగం అల్లి, దానికి వేలాడుతూ రెక్కలాడిస్తూ ఆడదాన్ని పిలుస్తుంది. ఆడది వచ్చి లోపలా బయటా చూస్తుంది. నచ్చితే మిగతా సగం పూర్తవుతుంది. నచ్చకపోతే ఆ ఇల్లు అలా సగంలోనే ఆగిపోతుంది. తాటిచెట్టు కింద నిలబడి పూర్తయిన గూళ్ళెన్నో, ఆగిపోయినవెన్నో లెక్కపెట్టి చూడండి. పక్షులను పరిశీలించటం అంటే అదే.

లమ్మసింగికి శీతకాలపు చుట్టం

పిట్ట కొంచెం, కూత ఘనం అంటారు. ఈ సామెత ఒక పిట్టకు బాగా అతుకుతుంది. చలికాలంలో మామిడి తోటల్లోనూ, కాఫీ తోటల నీడచెట్ల మీదా ఆకుల మధ్య ఆకులా కదిలే పచ్చని పిట్ట అది. పది గ్రాముల బరువైనా ఉండదు. వేసవిలో హిమాలయాల వైపూ, అంతకు ఎగువన ఉన్న దేశాల్లోనూ పిల్లలను పెంచి, చలి మొదలు కాగానే వేల కిలోమీటర్లు ఎగిరి మన కొండలకు వస్తుంది. వచ్చాక ఒక్కొక్క పిట్ట కొన్ని చెట్లను తన హద్దుగా పెట్టుకుంటుంది. మరో పిట్ట ఆ హద్దు దాటితే అరిచి, తరిమి కొడుతుంది. గట్టు తగాదాలు మనుషులకే ఉన్నాయనుకుంటే పొరపాటే.

ఈ పిట్టల సంగతి తెలుసుకోవటానికి ట్రెవర్ ప్రైస్ అనే ఇంగ్లీషు యువకుడు చింతపల్లి దగ్గరి లమ్మసింగిలో మకాం పెట్టాడు. తూర్పు కనుమల్లో ఏ పక్షి ఏ కాలంలో కనిపిస్తుందో రాసి 1979లో బొంబాయి నేచురల్ హిస్టరీ సొసైటీ పత్రికలో ప్రచురించాడు. తరవాత అమెరికాలోని షికాగో విశ్వవిద్యాలయంలో ప్రొఫెసర్ అయ్యాడు. ఇప్పుడు అల్లూరి సీతారామరాజు జిల్లాలో ఉన్న లమ్మసింగికి మంచు చూడటానికి జనం బారులు తీరుతున్నారు. ఆ మంచులోనే ప్రపంచం పట్టించుకున్న పిట్ట ఒకటి ఉందని వారిలో తెలిసినవారు తక్కువే.

విశాఖ మనిషి పేరుతో ఒక పిట్ట

విశాఖపట్నానికి చెందిన కె.ఎస్.ఆర్. కృష్ణరాజు మన కొండల పక్షులను ఏళ్ళ తరబడి పరిశీలించిన వ్యక్తి. అమెరికాలోని స్మిత్సోనియన్ సంస్థకు 1964 నుంచి 1984 వరకు అధిపతిగా ఉన్న డిల్లన్ రిప్లే, బ్రూస్ బీలర్ అనే మరో శాస్త్రజ్ఞుడు ఆయనతో కలిసి విశాఖ కనుమల పక్షుల మీద పని చేశారు. ఆ ముగ్గురి వ్యాసం 1987, 1988 సంవత్సరాల్లో బొంబాయి సొసైటీ పత్రికలో వెలువడింది.

అంతకు ముందే 1985లో ఒక విశేషం జరిగింది. పొదల్లో దాగి తిరిగే గోధుమరంగు పిట్ట ఒకటి మన కొండల్లో దొరికింది. ఆ జాతి పిట్టలు సాధారణంగా ఉండేది హిమాలయాల దిగువన, ఈశాన్య రాష్ట్రాల్లో, బర్మా నుంచి ఆగ్నేయాసియా దాకా. అంత దూరాన ఉండవలసిన పిట్ట చుట్టాలకు దూరమై తూర్పు కనుమల్లో ఒంటరిగా మిగిలింది. వాటికీ, దీనికీ కాస్త తేడా ఉండటంతో రిప్లే, బీలర్ దీన్ని ఒక ఉపజాతిగా గుర్తించి ‘కృష్ణరాజుయి’ అని పేరు పెట్టారు. ప్రపంచంలో ఏ దేశపు పక్షి శాస్త్రజ్ఞుడు ఆ పిట్ట గురించి రాసినా విశాఖ మనిషి పేరు రాయవలసిందే.

ఐతన్నకు తెలిసింది పండితులకు తెలియలేదు

పక్షుల విద్య పెద్ద చదువులు చదివిన వారికే అనుకోనక్కరలేదు. కడప జిల్లా కలివికోడి కథ వింటే ఆ సంగతి తెలుస్తుంది. నెల్లూరులో డాక్టరుగా పనిచేసిన జెర్డాన్ అనే తెల్లదొర ఈ పక్షిని 1848లో లోకానికి తెలిపాడు. 1900 తరవాత అది ఏ శాస్త్రజ్ఞుడి కంటా పడలేదు. అంతరించిందనే అందరూ అనుకున్నారు. 1980 దశకంలో బొంబాయి సొసైటీ తరఫున భరత్ భూషణ్ అనే పరిశోధకుడు బొమ్మ పట్టుకుని ఊరూరా తిరిగి జనాన్ని అడిగాడు. పిట్టలు పట్టే ఐతన్న అనే ఆయన, ఆ పక్షి తనకు తెలుసునన్నాడు. 1986 జనవరిలో ఒక రాత్రి టార్చిలైటు వెలుగులో దాన్ని పట్టి తెచ్చాడు కూడా. ఎనభై ఆరేళ్ళుగా లోకం పోయిందనుకున్న పక్షికి ఊళ్ళో పేరు కూడా ఉంది. కలివి పొదల మధ్య తిరుగుతుంది కనుక కలివికోడి! దాని కోసం ఆ తరవాత లంకమల అడవిని అభయారణ్యం చేశారు.

పశువులు కాసేవారికీ, చేపలు పట్టేవారికీ, కొండల్లో తిరిగే గిరిజనులకూ ఇలాంటి తెలివిడి ఎంతో ఉంది. అది కాగితం మీదికి రావటం లేదు. ఆ తరం పోతే దానితో పాటే పోతుంది. దాన్ని అడిగి రాసిపెట్టగలిగింది బడికి పోయే పిల్లలే.

ఉండేలు పట్టినవాడే పక్షుల తాత అయ్యాడు

సెలవొస్తే చాలు, పల్లెల్లో పిల్లల చేతికి ఉండేలు వస్తుంది. గువ్వలు, గోరువంకలు, పిగిలిపిట్టలు రాళ్ళ దెబ్బకు రాలిపోతుంటాయి. ఆటకు కొట్టేవారే ఎక్కువ.

దేశంలో పక్షి శాస్త్రానికి పెద్ద దిక్కైన సలీం అలీ కూడా చిన్నతనంలో వేటాడినవాడే. 1896లో పుట్టిన ఆయన బాలుడిగా ఉన్నప్పుడు ఎయిర్‌గన్‌తో ఒక పిచ్చుకను కొట్టాడు. దాని గొంతు మీద పసుపురంగు మచ్చ ఉంది. ఇదేం పిచ్చుకో ఇంట్లో వారు చెప్పలేకపోయారు. దాన్ని పట్టుకుని బొంబాయి నేచురల్ హిస్టరీ సొసైటీకి వెళ్ళాడు. అక్కడ మిల్లార్డ్ అనే దొర విసుక్కోకుండా అది ఏ పిచ్చుకో చెప్పి, సొరుగులు తెరిచి వందల రకాల పక్షులను చూపించాడు. ఆ కుర్రాడి జీవితం మలుపు తిరిగింది. 1987లో కన్నుమూసే వరకు ఆయన పక్షుల వెంటే తిరిగాడు. తన జీవిత కథకు ఆ పిచ్చుక పేరే పెట్టుకున్నాడు. ‘ఇది ఏం పిట్ట?’ అన్న ఒక్క ప్రశ్న అంత పని చేసింది.

ఎలా చూడాలి? ఏం రాయాలి?

తెల్లవారిన తరవాత మొదటి రెండు గంటలు, పొద్దు వాలేముందు ఒక గంట పక్షులను చూడటానికి అనువైన వేళలు. మెరిసే రంగు బట్టలు వేసుకోకూడదు. ఎండ వీపుకు తగిలేట్టు నిలబడితే పిట్ట రంగు స్పష్టంగా తెలుస్తుంది. గుంపుగా పోతే లాభం లేదు. ఇద్దరో ముగ్గురో చాలు. దుర్భిణి ఉంటే మంచిదే, లేకపోయినా పని ఆగదు.

పిట్ట కనిపించగానే తెలిసిన పిట్టతో పోల్చుకోవాలి. పిచ్చుకంతా? గోరువంకంతా? కాకంతా? గద్దంతా? ముక్కు పొట్టిదా, పొడుగుదా, వంగి ఉందా? తోక ఎలా ఉంది? నేలమీద నడుస్తోందా, గెంతుతోందా? ఏం తింటోంది? కూత ఎలా ఉంది? నోటుబుక్కులో తేదీ, వేళ, చోటు, ఎన్ని కనిపించాయన్నది తప్పక రాయాలి. ఉదాహరణకు ఇలా: ‘చెరువు గట్టు. ఉదయం 6.40. కరెంటు తీగ మీద ఒకటి. గోరువంక కంటే కాస్త పెద్దది. తల గోధుమరంగు, రొమ్ము తెలుపు, వీపు నీలం, ముక్కు పొడుగ్గా ఎర్రగా ఉంది. నీళ్ళకేసి చూస్తోంది.’ ఇంటికి వచ్చి తాతనో, మామ్మనో అడిగితే అది లకుముకిపిట్ట అని చెబుతారు. ఊళ్ళో పిలిచే పేరు వేరే ఉంటే అదీ రాయాలి.

పెద్దల చేతిలో సెల్‌ఫోను ఉంటే మరో సదుపాయం ఉంది. అమెరికాలోని కార్నెల్ విశ్వవిద్యాలయం వారి మెర్లిన్ అనే యాప్ పక్షి కూత విని అది ఏ పిట్టో చెప్పటానికి ప్రయత్నిస్తుంది. వారిదే ఈబర్డ్‌లో చూసిన పక్షుల లెక్క నమోదు చేయవచ్చు. 1987 నుంచి ఏటా జనవరిలో ఆసియా దేశాల్లో నీటిపక్షుల లెక్క తీస్తున్నారు. ఊరి చెరువులో నిరుడు ఎన్ని, ఈ ఏడు ఎన్ని అన్నది రాసి ఉంటేనే తగ్గాయో పెరిగాయో తెలుస్తుంది. చెరువు ఆక్రమణతో కుంచించుకుపోయినా, గుర్రపుడెక్క పేరుకున్నా ముందుగా వెళ్ళిపోయేది పక్షులే. లెక్క లేకపోతే అవి వెళ్ళిన సంగతి కూడా ఎవరికీ పట్టదు.

ఒక్క మాట మరవకూడదు. గూటి దగ్గరకు పోరాదు, గుడ్లు ముట్టరాదు. మనం అక్కడ ఉన్నంతసేపు తల్లి గూటికి రాదు. ఎండకు గుడ్లు పాడవుతాయి, కాకులు ఎత్తుకుపోతాయి.

ఊరే కాపలా

శ్రీకాకుళం జిల్లా టెక్కలి మండలంలోని తేలినీలాపురానికి ఏటా గూడబాతులు, రంగుల కొంగలు వచ్చి ఊరి చెట్ల మీద గూళ్ళు కడతాయి. సైబీరియా నుంచి వస్తాయని జనం చెప్పుకుంటారు గానీ, ఈ రెండూ మన దేశంలోనే పిల్లలను పెట్టి పెంచే పక్షులు. ఇచ్ఛాపురం దగ్గరి తేలుకుంచికి వానాకాలంలో నత్తగుల్లల కొంగలు వస్తాయి. పక్షులు వస్తే ఊరికి మంచిదని ఈ పల్లెల వారి నమ్మకం. అందుకే వాటి జోలికి ఎవరినీ పోనివ్వరు.

చట్టం కూడా ఉంది. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం అడవి పక్షులను పట్టటం, చంపటం, అమ్మటం నేరం. 2018లో రాష్ట్ర పక్షిగా ప్రకటించిన రామచిలుకను పంజరంలో పెట్టి పెంచటం కూడా ఈ చట్టం కిందికే వస్తుంది. అయితే ప్రతి చెట్టు కిందా పోలీసును పెట్టలేరు. కొత్త పంట రాగానే పిచ్చుకల కోసం చూరుకు వరికంకుల కుచ్చు కట్టిన తాతలు చట్టం చదివి కట్టలేదు.

కనుక పిల్లలూ, ఈ ఆదివారం పెందలకడే లేవండి. పాత నోటుబుక్కులో మిగిలిన తెల్లకాగితాలు చాలు. చెరువు గట్టున ఒక గంట కూర్చుని పది పక్షుల పేర్లు రాయండి. పేరు తెలియని పిట్ట కనిపిస్తే దాని గుర్తులు రాసుకుని ఊళ్ళో పెద్దలను అడగండి. వారూ చెప్పలేకపోతే బడిలో మాస్టారికి చూపించండి. ఆ పేజీని మాత్రం చింపవద్దు.